వేలిముద్ర పడని చోట: నెల్లూరు, ప్రకాశం జిల్లాల్లో డిజిటల్ అసమానత ఎలా పనిచేస్తోంది

సంక్షిప్తంగా: ఫోను ఉన్నవారు, లేనివారు అనే విభజనతో డిజిటల్ అసమానతను కొలిచే రోజులు దాటిపోతున్నాయి. రేషను, ఉపాధి కూలి, పంట నమోదు, కళాశాల సీటు అన్నీ వేలిముద్ర, ఓటీపీ, రికార్డులోని పేరు అనే మూడు గుమ్మాలు దాటాకే అందుతున్నాయి. భూమి పత్రం లేనివారు, పుట్టిన తేదీ నమోదు కానివారు, రాళ్లలో రసాయనాల్లో చేతులు అరగదీసుకున్నవారు, సొంత సిమ్ లేని స్త్రీలు ఆ గుమ్మాల దగ్గరే ఆగిపోతున్నారు. పాత అసమానత ఇప్పుడు ‘సాంకేతిక లోపం’ అనే పేరుతో కనిపిస్తోంది. ఆ లోపాన్ని సరిదిద్దుకునే ఖర్చు ఎవరి మీద పడుతోందన్నదే ఈ వ్యాసం పరిశీలించే ప్రశ్న.

పలక నుంచి తెర దాకా

మార్కాపురం చుట్టుపక్కల గనుల్లో దొరికే పలకరాయి కొన్ని తరాల పిల్లల చేత అక్షరాలు దిద్దించింది. పలకకు ఒకసారి డబ్బు పెడితే పగిలేదాకా పనిచేసేది. అన్న వాడాక తమ్ముడికి, ఆ తర్వాత పక్కింటి పిల్లకు చేరేది. దానికి సిగ్నల్ అక్కర్లేదు. అది ఎవరి పేరు మీద ఉందని బడిలో ఎవరూ అడగలేదు.

ఫోను స్వభావం వేరు. కొన్న రోజుతో ఖర్చు తీరదు. 2016 సెప్టెంబరు తర్వాత దేశంలో డేటా ధర ఒక్కసారిగా పడిపోయి, చేతిలో ఇంటర్‌నెట్ అనేది పల్లెలకు చేరింది. ఆ మేలును తక్కువ చేసి చెప్పలేం. అయితే 2024 జూలైలో ప్రధాన టెలికాం సంస్థలు టారిఫ్‌లను దాదాపు 11 నుంచి 25 శాతం దాకా పెంచాయి. జీతం వచ్చే ఇంట్లో ఇది నెల బడ్జెట్‌లో చిన్న సవరణ. ఏడాదిలో కొన్ని నెలలే పని దొరికే కూలి ఇంట్లో, పని లేని నెలల్లో మొదట ఆగిపోయేది రీఛార్జే. రీఛార్జి ఆగిన కొన్నాళ్లకు ఫోనుకు సందేశాలు రావు. సందేశం రాకపోతే ఓటీపీ రాదు. ఓటీపీ రాకపోతే ఆధార్ సవరణ, బ్యాంకు పని, దరఖాస్తు ఏదీ ముందుకు కదలదు. సిమ్ చాలాకాలం వాడకపోతే ఆ నంబరు మరొకరికి వెళ్లిపోతుంది. అప్పుడు ఆధార్‌కు అనుసంధానమైన నంబరు ఒకరిది, మనిషి మరొకరు. కాల్స్, సందేశాలకు మాత్రమే పరిమితమైన ప్యాకేజీలు తప్పనిసరిగా ఇవ్వాలని టెలికాం నియంత్రణ సంస్థ ట్రాయ్ 2024 డిసెంబరులో ఆదేశించింది. డేటా అక్కర్లేకపోయినా నంబరును బతికించుకోవడానికి డబ్బు కట్టాల్సిన స్థితిని ఆ ఆదేశం ఒకరకంగా గుర్తించినట్టే.

ఒకే పటంలో వేర్వేరు లోకాలు

పెన్నా కాలువల కింద వరి పండే మాగాణి, రొయ్యల చెరువులున్న తీరం, చీమకుర్తి గ్రానైట్ గనులు, కనిగిరి వైపు ఫ్లోరైడ్ నీళ్లతో బతికే మెట్ట పల్లెలు, దోర్నాల, యర్రగొండపాలెం దాటాక నల్లమలలో చెంచు గూడేలు. ఉమ్మడి నెల్లూరు, ప్రకాశం జిల్లాలను ఒక్క సగటుతో కొలిస్తే ఏదీ తెలియదు. 2011 జనగణనలో ఉమ్మడి నెల్లూరు జిల్లా అక్షరాస్యత 68.9 శాతం, ప్రకాశం జిల్లాది 63 శాతం. ప్రకాశంలో పురుషులు దాదాపు 73 శాతం, స్త్రీలు 53 శాతం. ఆ తర్వాత 2022లోను, మళ్లీ 2025 చివర్లోను జిల్లాల హద్దులు మారాయి. కొత్త జనగణన లెక్కలు మాత్రం ఇంకా రాలేదు. పదిహేనేళ్ల కిందటి లెక్కలతోనే ఇప్పటి విధానాలు నడుస్తున్నాయన్నది కూడా ఇక్కడ గుర్తుంచుకోవాలి.

అడవి గూడేల్లో సమస్య ఇంకా మొదటి మెట్టు దగ్గరే ఉంది: అసలు సిగ్నల్ అందడం. దేశంలో 4జీ చేరని 24,680 గ్రామాలకు టవర్లు పెట్టడానికి కేంద్ర మంత్రివర్గం 2022 జూలైలో 26,316 కోట్ల రూపాయల ప్రణాళికను ఆమోదించింది. జనం పలచగా ఉన్న చోట టవరు పెడితే ప్రైవేటు సంస్థకు లాభం రాదు. అందుకే ఆ ఖర్చును ప్రభుత్వం భరించాల్సి వచ్చింది. టవరు వచ్చిన తర్వాత ఏమవుతుందన్నది మైదానంలోని పల్లెలను చూస్తే తెలుస్తుంది. అక్కడ సిగ్నల్ ఉంది, ఫోన్లు ఉన్నాయి, అయినా మనుషులు గ్రామ సచివాలయం నుంచి మీసేవకు, మీసేవ నుంచి ఆధార్ కేంద్రానికి తిరుగుతున్నారు.

అరిగిన వేళ్లు

ఆంధ్రప్రదేశ్‌లో రేషను దుకాణాలకు ఈ-పాస్ యంత్రాలు 2015 నుంచి వచ్చాయి. కార్డుదారు వేలు పెడితే, ఆ ముద్రను ఆధార్ సమాచారంతో సరిపోల్చి బియ్యం ఇస్తారు. దీనివల్ల రెండు మంచి పనులు జరిగాయి. రాని మనిషి పేరున బియ్యం రాసుకునే పద్ధతికి అడ్డుకట్ట పడింది. పనికోసం వలస వెళ్లిన కుటుంబం వెళ్లిన చోటే రేషను తీసుకునే వీలు కలిగింది. పశ్చిమ ప్రకాశం నుంచి ఏటా గుంటూరు మిరప కోతలకు, హైదరాబాద్, బెంగళూరు నిర్మాణ పనులకు వెళ్లేవారున్న ప్రాంతంలో ఇది చిన్న విషయం కాదు.

అదే యంత్రం అందరి వేళ్లనూ ఒకేలా చదవదు. వేలిముద్ర అంటే చర్మం మీది గీతల వరస. రాయి కోసే చోట, పలకలు నునుపు చేసే చోట, సున్నం, సిమెంటు కలిపే చోట ఆ గీతలు అరిగిపోతాయి. రొయ్యలు ఒలిచే షెడ్లలో గంటల తరబడి మంచునీళ్లలో నానిన వేళ్లు ముడతలు పడతాయి. పొగాకు ఆకు కోసేవారి చేతులకు నల్లటి జిగురు పడుతుంది. వయసు పెరిగేకొద్దీ చర్మం పొడిబారి గీతలు పలచబడతాయి. బల్ల దగ్గర కూర్చుని పనిచేసేవారికి ఈ ఇబ్బంది దాదాపు ఉండదు. అంటే యంత్రం ఎవరినీ కులం, ఆదాయం చూసి వేరుచేయడం లేదు. కానీ చేసే పని చేతుల మీద ముద్ర వేస్తుంది, ఆ పని ఎవరికి దక్కుతుందో సమాజం ముందే నిర్ణయించి ఉంటుంది. ఫలితం ఒకటే.

చట్టం ఈ ప్రమాదాన్ని ఊహించింది. 2016 ఆధార్ చట్టం ఏడో సెక్షన్ ప్రకారం ఆధార్ ఇంకా కేటాయించనివారికి ప్రత్యామ్నాయ గుర్తింపుతో లబ్ధి అందించాలి. వేలిముద్ర విఫలమైనప్పుడు ఏం చేయాలో వివరిస్తూ ఆధార్ సంస్థ 2017 అక్టోబరులో ఆదేశాలిచ్చింది. 2018 సెప్టెంబరు 26 నాటి సుప్రీంకోర్టు తీర్పులోనూ ధ్రువీకరణ వైఫల్యం వల్ల అర్హులు నష్టపోకూడదన్న మాట ఉంది. ఇన్ని ఉన్నా దుకాణం ముందు జరిగేది డీలరు నోటి నుంచి వచ్చే రెండు మాటలు: ‘పడటం లేదు, రేపు రండి.’ ఆ రేపు కూలివారికి ఒక రోజు పని.

పేరు తేడా

ఉపాధి హామీ పనుల్లో హాజరును యాప్ ద్వారా, రోజుకు రెండుసార్లు ఫొటోతో వేసే పద్ధతి 2023 జనవరి 1 నుంచి తప్పనిసరైంది. కూలి డబ్బు ఆధార్ ఆధారిత చెల్లింపు ద్వారానే వేయాలన్న నిబంధన 2024 జనవరి 1 నుంచి అమలయింది. మొదటిదానికి పనిచోట హాజరు వేసే మేట్ ఫోను పనిచేయాలి. రెండోదానికి జాబ్ కార్డులో, ఆధార్‌లో, బ్యాంకు ఖాతాలో పేరు ఒకేలా ఉండాలి.

ఆ రెండో షరతు వినడానికి చాలా సులువుగా ఉంటుంది. తెలుగు పేరు ఇంగ్లీషు అక్షరాల్లోకి మారేటప్పుడు ఏమవుతుందో చూస్తే అందులోని చిక్కు తెలుస్తుంది. వెంకటేశ్వర్లు అనే ఒక్క పేరును ఇంగ్లీషులో నాలుగైదు రకాలుగా రాయవచ్చు. ఇంటిపేరు ఒక చోట పూర్తిగా, మరో చోట పొడి అక్షరంగా, ఇంకో చోట పేరు చివర ఉంటుంది. స్త్రీకి పెళ్లికి ముందు ఒక ఇంటిపేరు, తర్వాత మరొకటి. చదువుకున్న మనిషి తన పేరు ఎలా రాయాలో నమోదు చేసేవారికి అక్షరం అక్షరం చెప్పగలడు, తెర మీద తప్పు కనిపిస్తే అప్పుడే దిద్దించగలడు. చదువు రాని మనిషి పేరును ఆ రోజు అక్కడ కూర్చున్న ఉద్యోగి తన చెవికి తోచినట్టు రాసుకున్నాడు. పదేళ్ల తర్వాత కంప్యూటరు ఆ రెండు పేర్లూ ఇద్దరు మనుషులవని తేలుస్తోంది.

దిద్దుకునే ఖర్చు సంగతి చూద్దాం. 2025 అక్టోబరు నుంచి ఆధార్‌లో పేరు, చిరునామా వంటివి మార్చడానికి 75 రూపాయలు, వేలిముద్రలు, కనుపాప నవీకరించడానికి 125 రూపాయలు. అయితే ఉపాధి కూలీకి అసలు ఖర్చు ఆ రుసుము కాదు. 2025-26లో రాష్ట్రంలో ఉపాధి పనికి నిర్ణయించిన రోజు కూలి 307 రూపాయలు. ఆధార్ కేంద్రం మండల కేంద్రంలో ఉంటే వెళ్లిన రోజు ఆ కూలి పోయినట్టే. బస్సు ఛార్జీ, దరఖాస్తు నింపిపెట్టినవారికి ఇచ్చేది, జిరాక్సులు అదనం. అక్కడ ‘సర్వర్ పనిచేయడం లేదు’ అంటే ఇదంతా మరోసారి. తప్పు నమోదు చేసింది వ్యవస్థ, దిద్దుబాటుకు డబ్బు కట్టేది కూలి.

యానాదుల విషయంలో ఈ చిక్కు ఇంకా లోతైనది. 2011 జనగణన నాటి నెల్లూరు జిల్లా జనాభాలో దాదాపు పదో వంతు గిరిజనులు, వారిలో అత్యధికులు యానాదులే. చెరువు కట్టల మీద, కాలువ గట్ల మీద, రొయ్యల గుంటల కాపలా గుడిసెల్లో ఉంటూ పనిని బట్టి ఊరు మారే కుటుంబాలు వీరిలో చాలా ఉన్నాయి. ఇంట్లో కాన్పు జరిగితే పుట్టిన తేదీ ఎక్కడా నమోదు కాకపోవచ్చు. జనన మరణాల నమోదు చట్టానికి చేసిన సవరణ 2023 అక్టోబరు 1న అమల్లోకి వచ్చాక, ఆ తేదీ తర్వాత పుట్టిన పిల్లలకు బడి ప్రవేశం మొదలుకొని ఆధార్ దాకా జనన ధ్రువపత్రమే ఆధారమైంది. ఏడాది దాటాక నమోదు చేయించాలంటే మెజిస్ట్రేటు ఉత్తర్వు కావాలి. జనన పత్రం లేనిదే ఆధార్ లేదు, ఆధార్ లేనిదే రేషను కార్డులో పేరు లేదు, కుల ధ్రువపత్రం కోసం మళ్లీ ఆధార్ అడుగుతారు. ఒక్క కాగితం లేకపోవడం కంప్యూటర్లు రాకముందు ఒక కార్యాలయంలో మాత్రమే ఇబ్బంది. ఇప్పుడు అన్ని వ్యవస్థలూ ఒకదానితో ఒకటి ముడిపడి ఉన్నందువల్ల ఆ లోటు ప్రతి కిటికీ దగ్గరా ఎదురవుతుంది.

పింఛను ఇచ్చిన ఆధారం

సాంకేతికత పేదలకు పనికిరాదని ఇదంతా చూసి తేల్చేస్తే అది పొరపాటు. సామాజిక పింఛన్ల అనుభవం ఎదుటే ఉంది. 2020 ఫిబ్రవరి నుంచి రాష్ట్రంలో పింఛను ఇంటి దగ్గరే అందుతోంది. మొదట వాలంటీర్లు ఇచ్చేవారు, 2024 జూలై నుంచి సచివాలయ సిబ్బంది ఇస్తున్నారు. మధ్యలో, ఎన్నికల సమయంలో వాలంటీర్లను ఈ పని నుంచి తప్పించడంతో 2024 ఏప్రిల్‌లో చాలామంది సచివాలయాలకు వెళ్లి తీసుకోవాల్సి వచ్చింది. మే నెలలో ఎక్కువమందికి బ్యాంకు ఖాతాల్లో వేశారు. ఎండలు ముదిరిన ఆ రెండు నెలల్లో వృద్ధులు సచివాలయాల ముందు, బ్యాంకుల ముందు పడిగాపులు పడ్డారు. ఖాతా వాడక ఆగిపోయినవారు, పాస్‌బుక్ ఎక్కడుందో తెలియనివారు మళ్లీ మళ్లీ తిరిగారు.

ఈ మూడు పద్ధతుల్లోనూ పింఛను అదే, మనుషులు వారే, గుర్తింపు ఆధార్‌తోనే. మారింది ఒక్కటి: ఎవరు ఎవరి దగ్గరకు నడవాలి. యంత్రం పట్టుకుని ఉద్యోగి ఇంటికి వచ్చినప్పుడు వేలు పడకపోతే ముఖం చూపించి ప్రయత్నిస్తారు, కనుపాప చూస్తారు, అదీ కాకపోతే పై అధికారికి రాస్తారు. పంపిణీ ఎంత శాతం పూర్తయిందని అదే రోజు ఆ ఉద్యోగిని అడుగుతారు కాబట్టి, వైఫల్యాన్ని పరిష్కరించే బరువు ఆయన మీద ఉంటుంది. మనిషే యంత్రం దగ్గరకు వెళ్లాల్సి వచ్చినప్పుడు ఆ బరువు మనిషి మీదకు మారుతుంది. ఇంటింటికీ వచ్చే రేషను వాహనాలను ఆపి 2025 జూన్ నుంచి మళ్లీ దుకాణాల ద్వారా ఇస్తున్నప్పుడు 65 ఏళ్లు దాటినవారికి, వికలాంగులకు ఇంటికే చేర్చాలని పెట్టిన మినహాయింపు వెనక ఉన్న తర్కం కూడా ఇదే. 65 ఏళ్లు నిండని కూలీకి, చేతులు అరిగిన గని కార్మికుడికి ఆ మినహాయింపు వర్తించదు.

పట్టా లేని రైతు

రెండు జిల్లాల్లోనూ కౌలు సేద్యం విస్తారంగా ఉంది. వరి, పొగాకు, శనగ ఏదైనా ఈ-పంటలో (సాగైన పంటల ఆన్‌లైన్ జాబితా) నమోదైతేనే పంట నష్ట పరిహారం, బీమా, మద్దతు ధర కొనుగోలు అందుబాటులోకి వస్తాయి. ఈ-పంట పునాది భూమి రికార్డు. భూమి ఎవరి పేరున ఉందో ఆ పేరు తెర మీద ముందుగానే కనిపిస్తుంది. దున్నిన మనిషి పేరు రావాలంటే 2019 చట్టం ప్రకారం పంట సాగుదారు హక్కు కార్డు కావాలి. ఆ కార్డుకు యజమాని సంతకం కావాలి. నోటిమాట మీద కౌలుకిచ్చిన యజమాని, ఎక్కడ హక్కు అడుగుతారోనన్న భయంతో సంతకం పెట్టడానికి వెనకాడతాడు.

చివరికి ఏం జరుగుతుందంటే, మద్దతు ధరకు అమ్ముకునే అవకాశం యజమాని పేరున ఉంటుంది, ధాన్యం కౌలుదారు కళ్లంలో ఉంటుంది. అతను పుట్టి (850 కిలోలు) లెక్కన వ్యాపారి చెప్పిన ధరకు అమ్ముకుంటాడు, లేదా యజమాని ఖాతాలో డబ్బు పడేదాకా ఆగి ఆయన ఇచ్చినప్పుడు తీసుకుంటాడు. కాగితాల కాలంలో ఊళ్లో పొలం ఎవరు చేస్తున్నారో తెలిసిన ఉద్యోగి కాస్త వెసులుబాటు చూపగలిగేవాడు. అందులో పక్షపాతానికీ లంచానికీ చోటుండేదన్నది నిజమే. తెర వచ్చాక పక్షపాతం తగ్గింది, దానితోపాటు వాస్తవాన్ని గుర్తించే వెసులుబాటు కూడా పోయింది. కౌలు చట్టంలోని లోపాన్ని సాఫ్ట్‌వేర్ సృష్టించలేదు. ఆ లోపాన్ని దాటి వెళ్లే దారిని మాత్రం మూసేసింది.

ఇంట్లో ఒక ఫోను

2019-21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే ప్రకారం ఆంధ్రప్రదేశ్‌లో ఎప్పుడైనా ఇంటర్‌నెట్ వాడినవారు పురుషుల్లో 48.8 శాతం, స్త్రీలలో 21 శాతం. తాము స్వయంగా వాడుకునే మొబైల్ ఫోను ఉన్న స్త్రీలు 48.9 శాతం. ఆ తర్వాత సంఖ్యలు పెరిగే ఉంటాయి. అంతరానికి కారణమైన అమరిక మాత్రం తెలిసినదే: ఇంట్లో ఒకటే స్మార్ట్‌ఫోను ఉంటే అది బయటికి వెళ్లే మగవారి జేబులో ఉంటుంది. 2025 జనవరి 30న రాష్ట్ర ప్రభుత్వం 161 సేవలతో ‘మన మిత్ర’ వాట్సప్ సేవలు ప్రారంభించింది. నెల్లూరు మాగుంట లేఅవుట్‌లో ఉండే ఉద్యోగికి అది ఒక సెలవు రోజును మిగిల్చింది. పెద్దారవీడు మండలంలో ఒంటరిగా ఉండే స్త్రీకి ఆ సేవ అందాలంటే ముందు ఎవరి ఫోనునైనా అడగాలి, తన ఆధార్ నంబరు, ఓటీపీ వారి చేతిలో పెట్టాలి. సేవ అందుతుంది, దానితోపాటు మరొకరి మీద ఆధారపడటమూ వస్తుంది.

నేర్పించే ప్రయత్నం జరగలేదని కాదు. 2017లో మొదలైన ప్రధానమంత్రి గ్రామీణ డిజిటల్ సాక్షరతా అభియాన్ ఆరు కోట్ల మందికి శిక్షణ లక్ష్యంగా పెట్టుకుని 2024 మార్చిలో ముగిసింది. దాని రూపకల్పనలో కుటుంబానికి ఒక్కరు అన్న నియమం ఉంది. ఖర్చు దృష్ట్యా అది సబబుగానే కనిపిస్తుంది. ఆ ఒక్కరు ఎవరో ఇంట్లోని అధికార క్రమమే తేలుస్తుందన్నది లెక్కలోకి రాలేదు.

దీనికి పోలికగా నెల్లూరు జిల్లాకే చెందిన అనుభవం ఒకటుంది. 1990 దశకం మొదట్లో ఇక్కడ సంపూర్ణ అక్షరాస్యత ఉద్యమం, అక్షర దీపం, రాత్రి బడులుగా సాగింది. స్త్రీలు ఒక్కొక్కరుగా కాక గుంపుగా కూర్చుని చదివారు. పాఠం సారా గురించి వచ్చినప్పుడు అది తమ ఇంటి సంగతేనని ఒకరితో ఒకరు చెప్పుకున్నారు. కలిగిరి మండలం దూబగుంటలో మొదలైన సారా వ్యతిరేక పోరాటం ఆ కూటముల నుంచే పుట్టింది. దూబగుంట రోశమ్మ పేరు రాష్ట్రమంతా తెలిసింది, 1993లో రాష్ట్రంలో సారా నిషేధం వచ్చింది. అక్షరాలు ఎంతమందికి గట్టిగా వచ్చాయన్నది వేరే చర్చ. తమ కష్టానికి సంబంధించిన విషయాన్ని తమలాంటివారితో కలిసి నేర్చుకున్నప్పుడు, నేర్చినది పనిలోకి వచ్చింది. డిజిటల్ శిక్షణలు ఇందుకు పూర్తిగా భిన్నంగా నడిచాయి: ఒక్కో మనిషికి ఒక లాగిన్, ఒక పరీక్ష, ఒక ధ్రువపత్రం. ప్రతి ఊళ్లోనూ ఉన్న డ్వాక్రా సంఘాల్లో నెలనెలా సమావేశం జరుగుతూనే ఉంది, ఆన్‌లైన్ పని మాత్రం సంఘం తరఫున లెక్కలు రాసే ఒక్కరి ఫోనులో జరిగిపోతోంది. నేర్చుకునే చోటు ఉంది, అక్కడ నేర్పడం లేదు.

ఆప్షన్లు ఎవరు పెడతారు

విద్యార్థుల విషయంలో ట్యాబ్‌ల పంపిణీ గురించి జరిగినంత చర్చ వెబ్ ఆప్షన్ల గురించి జరగదు. ఇంజినీరింగ్ ప్రవేశాల్లో ర్యాంకు ఎంత ముఖ్యమో, కళాశాలల పేర్లు ఏ వరసలో పెట్టారన్నదీ అంతే ముఖ్యం. నెల్లూరులో కార్పొరేట్ కళాశాలలో చదివిన విద్యార్థికి గత ఏడాది ఏ ర్యాంకుకు ఎక్కడ సీటు వచ్చిందో చెప్పేవారుంటారు. పామూరు, వెలిగండ్ల వైపు ప్రభుత్వ జూనియర్ కళాశాలలో చదివిన విద్యార్థి నెట్ సెంటర్‌లో వరసలో నిలబడి, అక్కడి కుర్రవాడు సూచించిన నాలుగు పేర్లు పెట్టి వస్తాడు. ఇద్దరూ ఒకే వెబ్‌సైట్ వాడారు. ఒకరి వెనక సమాచారం ఉంది, మరొకరి వెనక లేదు.

తిరస్కరణకు కాగితం

2025 ఏప్రిల్ 30న సుప్రీంకోర్టు ఒక ముఖ్యమైన తీర్పు ఇచ్చింది. యాసిడ్ దాడి బాధితులు, చూపు లేనివారు కన్ను ఆర్పి చూపించలేక ఈ-కేవైసీ (ఆన్‌లైన్ గుర్తింపు ధ్రువీకరణ) పూర్తి చేయలేకపోతున్నారన్న వ్యాజ్యాలపై, డిజిటల్ సేవలు అందుబాటులో ఉండటం రాజ్యాంగం 21వ అధికరణలోని జీవించే హక్కులో భాగమని చెప్పింది. ఈ-కేవైసీ ప్రక్రియను అందరికీ అనువుగా మార్చాలంటూ 20 ఆదేశాలు జారీ చేసింది. అంధుల కోసం చెప్పిన ఆ తర్కం అరిగిన వేళ్లకూ వర్తించకపోవడానికి కారణం కనిపించదు: యంత్రం గుర్తించలేకపోవడం మనిషి తప్పు కాదు.

హక్కు అని తీర్పు చెప్పాక, దాన్ని అడగడానికి ఆధారం కావాలి. ప్రస్తుత వ్యవస్థలో అదే లేదు. బియ్యం ఇస్తే యంత్రం రశీదు ఇస్తుంది, ఇవ్వకపోతే ఏమీ ఇవ్వదు. ఉపాధి పనిచోట ఫొటో ఎక్కని రోజుకు కూలీ చేతిలో కాగితం ఉండదు. కౌలుదారు పేరు ఈ-పంటలో ఎందుకు చేరలేదో రాసిచ్చేవారు లేరు. యంత్రంలో విఫల ప్రయత్నాల సంఖ్య నమోదవుతుంది కానీ, ఆ మనిషి చివరికి బియ్యం తీసుకున్నాడో, విసిగి వెళ్లిపోయాడో ఊరి స్థాయిలో ఎవరూ సరిపోల్చి చూడరు. పంపిణీ శాతం 90 దాటిందని నివేదిక వచ్చినప్పుడు మిగిలినవారు అక్కర్లేక రానివారుగా లెక్కలో కలిసిపోతారు.

పింఛను పంపిణీలో ఇందుకు ఒక నమూనా ఇప్పటికే నడుస్తోంది. ఎవరికి అందలేదో పేరుతో సహా ఆ రోజే తెలుస్తుంది, కారణం రాయాలి, జవాబు చెప్పాల్సిన ఉద్యోగి ఉంటారు. రేషను, ఉపాధి, ఈ-పంట, ఈ-కేవైసీలకు ఆ పద్ధతిని విస్తరించడానికి కొత్త యంత్రాలు కొనాల్సిన పని లేదు. తిరస్కరించిన ప్రతిసారీ తేదీ, కారణం రాసి తెలుగులో ఇచ్చే చీటీ ఒకటి, సచివాలయంలో వాటికి ఒక రిజిస్టరు, నెలకోసారి దాన్ని గ్రామసభలో చదివే ఏర్పాటు, చీటీ తెచ్చిన మనిషికి ఆ నెల సరుకు ఆపకుండా ఇచ్చే అధికారం డీలరుకు, మేట్‌కు ఉంటే చాలు. వేలిముద్ర పడలేదని లబ్ధి ఆపకూడదన్న మాట 2017 నాటి ఆదేశాల్లోనే ఉంది. అది సచివాలయం గోడ మీద, రేషను దుకాణం తలుపు మీద తెలుగులో కనిపించాలి.